మూడు గళ్ల పుస్తకం

బేతంచెర్ల బండల క్వారీ వెనక
మిషన్ బంగళా అటక మీద ఉండేది.
అచ్చు కాదు, చేతిరాత.
తోలు అట్ట సంగతి
ఎలుకలు ఎప్పుడో తేల్చేసినాయి.

కర్నూలు నుంచి ఫాదరు నెలకొక తూరి వచ్చేవాడు.
మిగతా దినాలు తాళంచెవి
మా జేజినాయన మొలతాడుకే.

ఒక్కో పుటకు మూడు గళ్లు.
మొదటి దాంట్లో లాటిను,
పాత చింతపండు రంగు సిరా.
రెండోది మన తెలుగు. పెద్దయినాక బడికొచ్చినోడి మాదిరి
ఒక్కో తలకట్టూ ఆగి, చూసుకొని, పెట్టినట్టు.
మూడోది ఎన్నో ఏండ్లకు వచ్చిన ఇంకో చెయ్యి
నీలి పెన్సిలుతో సందులో ఇరికించిన ఇంగ్లీషు.

నాకు ఇంగ్లీషు అట్లా వచ్చింది,
మూడో గడి నుంచి వెనక్కి నడుస్తా.
ఏడో తరగతిలో హెడ్మాస్టరుకు సెలవు చీటీ రాస్తూ
'యూ' రాయాల్సిన చోట 'దౌ' అని రాస్తిని.
స్టాఫ్‌రూమంతా నవ్వు.
ఆ మాట చచ్చి ఎన్నాళ్లయిందో
పెన్సిలు చెప్పలేదు మరి.

జేజినాయన పేరు రాయప్ప.
గుడిలో గంట ఆయనదే.
నలభై ఏండ్లు లాటినులో బదులు పలికినాడు,
ఒక్క ముక్కకు అర్థం తెలీకుండా,
ఒక్క ముక్క తప్పకుండా.
ఒకనాడు పుట తీసి చూపించినాను.
పెత్రుస్. పక్కన, రాయి.
"నేను ఇదేనా" అన్నాడు.
వేలి కణుపుతో ఆ మాటను తట్టినాడు,
బండలో పగులుందేమోనని తట్టినట్టు.

ఆ కిందే ఉంది అసలు గొడవ.
లాటినుకు ఒకటే మాట, పెత్ర.
ఎదురుగా తెలుగు గడి నిండి, అంచు దాటి
పుట తిప్పితే వెనక కూడా.
గుండు, బండ, పరుపు, నాపరాయి,
సుద్దరాయి, చెకుముకి, బెడ్డ, కంకర,
ఆఖరున
'ఇత్తనానికి అడ్డమొచ్చేది.'

అది మాట కాదు, జవాబు.
ఎవరో ఆడమనిషి చేన్లో వంగి
తల ఎత్తకుండా చెప్పినట్టుంది.
పాదిరి దొర అట్లే రాసుకున్నాడు.
ఎండలో నిలబడి
ఇంకోటి, ఇంకోటి అని అడిగుంటాడు.
ఆమె పేరు ఏ గడిలోనూ లేదు.
నీలి పెన్సిలు అక్కడికొచ్చి
'స్టోన్' అని
ముందుకు పోయింది.

జేజినాయనకు చదివి వినిపించినాను.
కళ్లు మూసుకొని అన్నీ విన్నాడు,
కూలి లెక్క విన్నట్టు.
"పలుగురాయి యాడ?"
లేదు జేజినాయనా.
"లేకుంటే ఎట్లరా. రాయి."

రాయి అంటే రాయమనో రాయి అనో
ఒక్క క్షణం తెలియలేదు నాకు.

తెలుగు గడిలో గోరు పట్టే చోటు లేదు.
లాటిను పక్కన మాత్రం
పెత్ర కింద పుటంతా బీడు.
బాల్‌పెన్నుతో అక్కడ రాసినాను,
మన అక్షరాల్లోనే.

ఫాదరు చూడకముందే పుస్తకం అటకెక్కింది.
ఎవరన్నా లాటిను నేర్చుకుందామని
ఎప్పుడన్నా ఆ పుట తెరిస్తే
పలుగురాయి
లాటినే అనుకుంటారు.