గడియల చీటీ

పాటూరులో మా సందున తొమ్మిది మగ్గాలకు
ఒక చీటీ ఉండేది.
అడిగినోళ్లకు డబ్బు చీటీ అనేవాళ్లం.
కోవూరు నుంచి వచ్చే సొసైటీ గుమాస్తా కూడా
అట్నే అనుకుని
వడ్డీ ఎంత మా, అని నవ్వేవాడు.

మేం వేసేది గడియలు.
అమాస దాటిన మర్నాడు, కోడి కూయకముందు
గంజి కాచేటప్పుడు
ఒక్కొక్కరం ఒక్కో గడియ తెచ్చి కుండలో వదిలేవాళ్లం.
ఎట్టా తెచ్చేదో చెప్పకూడదు.
ఆ ఒట్టు ఇంకా గొంతులో ఉంది, చేపముల్లులా.
ఇంతమాత్రం చెప్తా:
ఇచ్చిన గడియ ఏదో ఇచ్చినోళ్లకు గుర్తుండదు.
కంచంలో అన్నం చల్లారి ఉంటుంది,
పక్కన ఎవరో నవ్వుతా ఉంటారు,
ఎందుకో తెలీదు.

ఆ గంజి పట్టిన నూలు ఎండలో ఆరదు.
వసారాలో, ఎవరూ చూడనప్పుడు ఆరుతుంది.

పాట ఎవరిదైతే బట్ట వాళ్లది.
సాగేది కావాల్నా, ముడుచుకునేది కావాల్నా
ముందే చెప్పాలి.
పడుగు పోసినాక మాట మార్చేది లేదు.

చెంచమ్మ ముడుచుకునేది అడిగింది.
మొగుడు నెల్లూరు పెద్దాసుపత్రిలో పడున్న రాత్రి
ఆ తువాలు కప్పుకుని వరండా బల్ల మీద కూర్చునింది.
కళ్లు మూసి తెరిచేలోపు
నర్సొచ్చి, తెల్లారిందమ్మా, అనింది.
అంకయ్య మామ సాగేది నేయించుకుని
ఒక్క మధ్యాహ్నంలో మూడు రోజుల నిద్ర పోయినాడు.
ఇంకేం అక్కర్లేదన్నాడు.

గుర్తు ఒకటే:
అంచులో, ఏడో అంగుళం కాడ
ఎదురు తిరిగిన పోగు.
బేరగాళ్లు దాన్ని నేత తప్పనేవాళ్లు, ధర కోసేవాళ్లు.

మస్తానయ్య తొమ్మిది నెలల గడియలూ కలిపి
ఒక్క పైపంచ నేయమన్నాడు.
అప్పులుండాయి, బతికితేనే గదా తీర్చేది, అన్నాడు.
నేసింది నేనే.
పదో నెల కుండ కాడికి రాలేదు.
పోయి చూస్తే మగ్గం గుంటలో మనిషి లేడు,
నాడె మాత్రం ఇంకా వెచ్చగా ఉంది.

పోలీసు స్టేషన్‌కు పోయి ఏమని రాయిస్తాం?
చీటీ ఆడనే ఆగింది.
పెన్న ఒకసారి పొర్లి గుంటలన్నీ నింపి పోయింది.
రెండు మగ్గాలు పొయ్యిలోకి పోయినాయి.
చెంచమ్మ పోయింది.
అంకయ్య మామ పోయినాడు, నిద్రలోనే.

ఇరవయ్యారేళ్ల తర్వాత, మొన్న,
ఆత్మకూరు బస్టాండులో మస్తానయ్య.
మీసం నల్లగా. నడుం నిటారుగా.
చేతిలో వేయించిన శెనక్కాయల పొట్లం.
భుజాన నా నేత.
నన్ను గుర్తు పట్టలేదు.
ముసల్దాన్నని పక్కకు జరిగి చోటిచ్చినాడు.

కూర్చున్నా. పంచ కొస నా మోకాలి మీద పడింది.
అందులో నాదీ ఒక గడియ ఉంది.
ఇంట్లో వాళ్లు చెప్తే తెలిసింది, నా బిడ్డ తొలి అడుగు వేసిన గడియ.
గడప కాన్నుంచి మగ్గం కాడికి వచ్చిందంట, నా వైపే.
నేను నాడె వదిలేసి చేతులు చాపినానంట.
నవ్వినానంట.
అంట, అంట. నాకు మిగిలినవన్నీ అంటలే.

ఏడో అంగుళం కాడ ఎదురు పోగు
తెగి, కొస లేచి నిలబడి ఉంది.
లాగితే చాలు,
బట్టంతా ఒక్క బిగిన ఊడొస్తుంది.
ఉన్నోళ్లవీ లేనోళ్లవీ గడియలన్నీ ఇంటికి పోతాయి.
వీడు ఈ బల్ల మీదే నా ఈడుకొస్తాడు.
బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య పట్టుకున్నా.

రాపూరు బస్సు హారన్ కొట్టుకుంటా వచ్చింది.
జనం లేచినారు. అటు చూసినా.
యాభై ఏళ్లుగా తెగిన పోగు తగిలితే
ఈ వేళ్లు చేసేది ఒకటే పని.
తల తిప్పేలోపు
ముడి పడి ఉంది.
సన్నంగా, కంటికానకుండా,
కత్తిరిస్తే తప్ప ఊడని మా సందు ముడి.

వస్తా అవ్వా, అన్నాడు.
పంచ దులుపుకుని, నా చేతిలో
నాలుగు శెనక్కాయలు పెట్టి బస్సెక్కినాడు.
అవి ఇంకా వెచ్చగా ఉన్నాయి.