వృత్తి: స్టేషన్ ఊడ్చుట

మా స్టేషన్లో రాయనిది లేదు.
ఎవరొచ్చారు, ఎవరెళ్లారు, ఏ జీపు ఎన్ని కిలోమీటర్లు తిరిగింది,
ఫిషింగ్ హార్బర్ గేటు దగ్గర తప్పిపోయిన మేక ఏ రంగు,
అన్నీ జనరల్ డైరీలో, టైముతో సహా.

నేను వాటిని కంప్యూటర్లోకి ఎక్కిస్తాను.
ఏజెన్సీ మనిషిని.
పదకొండు నెలలకోసారి, ఒక్క రోజు, ఎవరినీ కాకుండా పోతాను.
ఆ రోజు కూడా టైపు చేస్తూనే ఉంటాను.

కోరాడ ఎరకమ్మ నాకన్నా ముందొస్తుంది
జ్ఞానాపురం నుంచి, నడిచి.
లాకప్ కడుగుతుంది.
రాత్రి ఎవడో కక్కింది, ఎవడి ముక్కులోంచో కారింది,
గోడవారన ఎవరో భయంతో పోసుకుంది,
అన్నిటికీ ఒకటే బకెట్టు, ఒకటే ఫినాయిలు.
చేతులకి తొడుగులడిగితే
హెడ్డుగారు ట్రాఫిక్ వాళ్ల తెల్ల గ్లౌజులిచ్చారు.
అందరం నవ్వాం. ఆమే ఎక్కువ నవ్వింది.
"మాసిపోతాయి బావూ" అని ఇంటికి పట్టుకెళ్లి దాచుకుంది.

ఇరవై మూడేళ్లు.
జీతం నెలాఖర్న కవరులో, "ఇతర ఖర్చులు" కింద:
టీలు, జిరాక్సు కాగితాలు, ఎరకమ్మ.

పోయిన వానాకాలం వెనక మెట్ల మీద జారింది.
తుంటి విరిగింది.
కేజీహెచ్‌లో మంచం దొరికేసరికి చీకటి పడింది.
లేబరాఫీసు గుమాస్తా మంచివాడే,
"స్టేషన్లో పనిచేసినట్టు ఒక్క కాగితం తెండి చాలు" అన్నాడు.

రాత్రి డ్యూటీల్లో వెతికాను.
సముద్రపు తేమకి అట్టలుబ్బిన డైరీలు
ఒక్కొక్కటే దించి, దులిపి, వేలు తడి చేసుకుంటూ.
హుద్‌హుద్ నాటి పుస్తకం కూడా దొరికింది.
కూలిన చెట్లు, ఎగిరిన రేకులు, మూగపోయిన వైర్‌లెస్.
కిటికీ రెక్కలూడి వాన గదిలోకి అడ్డంగా కొడుతుంటే
ఈ డైరీలన్నీ పరదాలో చుట్టి
వాటి మీద బోర్లా పడుకున్నది ఆమేనట.
ఆ సంగతి ఈ డైరీల్లో లేదు.

చివరికి ఒక గంజాయి కేసులో దొరికింది.
పదిహేనేళ్ల నాటిది. ఆడమనిషిని సోదా చెయ్యాలి,
అంత రాత్రివేళ సాక్షిగా ఇంకో ఆడమనిషి రాలేదు.
పంచనామాలో రెండో పేరు:
కోరాడ ఎరకమ్మ, భర్త లేటు సన్యాసి, వయసు ముప్ఫై ఎనిమిది,
వృత్తి: స్టేషన్ ఊడ్చుట.
కింద వేలిముద్ర. ఆ పైన కోర్టు ముద్ర.

కుర్చీలోంచి లేచి నిలబడ్డాను.
ఎందుకో తెలీదు, ఒక్కణ్ణే ఉన్నాను.

పేజీ తిప్పకుండా ఉండాల్సింది.
తిప్పితే ఆమె వాంగ్మూలం.
"నేను పోలీసు వారి మనిషిని కాను.
వారి వద్ద నేను ఏ పనీ చేయుట లేదు."
జడ్జిగారు నమ్మారు. ఏ సంబంధమూ లేని సాక్షి అని రాశారు.
ముద్దాయికి నాలుగేళ్లు పడ్డాయి.

రెండు కాగితాలూ ఆస్పత్రికి పట్టుకెళ్లి చదివి వినిపించాను.
కాలికి బరువు కట్టి ఉంది. పైకప్పు కేసి చూస్తూ విన్నది.
"ఆయేల ఎస్సైబావు అలా సెప్పమన్నాడు, సెప్పీసినాను.
ఇప్పుడేటి సెప్పమంటావు, నువ్వే సెప్పు."

మొదటి పేజీ ఒక్కటే జిరాక్సు తీశాను.
తప్పో ఒప్పో గుమాస్తాకిచ్చాను.
రెండో పేజీ ఆయన అడగలేదు. అడుగుతారు ఎవరో ఒకరు.

ఇప్పుడు ఆమె కోడలు వస్తోంది. పేరు దమయంతి.
అదే బకెట్టు. మొదటి రోజే
ఫినాయిలు నీళ్లు చేతి పగుళ్లలో దిగి
"అబ్బ" అనడం వినిపించింది.

రైటర్‌గారి లాగిన్ తెరిచే ఉంది.
ఒకసారి ఎక్కిస్తే చెరపడం కుదరదు అందులో.
కొట్టాను:
ఉదయం అయిదూ పది. కోరాడ దమయంతి డ్యూటీకి వచ్చినది.
లాకప్ కడిగినది.

ఎస్సైగారు ఇంకా చూడలేదు.