పదునెట్టినోడు

కాశీబుగ్గ హాల్లో ఆ వారం
రావలసిన రీళ్ళు బరంపురంలో ఆగిపోయి
బదులుగా ఒక జపాన్ డబ్బా దిగింది.
పోస్టరు లేదు, రిక్షాలో మైకు లేదు.
గేటు దగ్గర టిక్కెట్లు చింపేవాణ్ణి నేను.
రెండో ఆటకి పదకొండు చింపి
పన్నెండోవాణ్ణి ఊరికే వదిలాను:
అసిరయ్య. సానచక్రం భుజాన్నుంచి దించకుండానే
నేల క్లాసులో గోడకి ఆనుకున్నాడు.

తెర మీద గడ్డిటోపీవాడొకడు
వానలో నడుస్తున్నాడు.
ఎవరో గెంటేసినట్టున్నారు,
మాటలు జపానువి, ఎందుకో తెలీలేదు.
పూటకూళ్ళమ్మ తలుపేసుకోవడం తెలిసింది.
ఒక కుక్క కొంతదూరం వెంట వెళ్ళడం తెలిసింది.
ఆ నడక కూడా,
ఏ ఊళ్ళోనూ చెప్పులు విప్పనివాడి నడక.

తర్వాత కత్తి దూశాడు.
ఒకడు, ముగ్గురు, తొమ్మండుగురు.
నెత్తురు బోరింగులా చిమ్మితే
జీడిపిక్కల బట్టీ కుర్రాళ్ళు ఈలలేశారు.
అసిరయ్య కత్తి అంచునే చూస్తున్నాడు,
డాక్టరు నాలుక చూసినట్టు.

అసి అంటే కత్తి అని
మా తెలుగు మేష్టారు చెప్పేవారు.
వాళ్ళమ్మకి ఆ సంగతి తెలీదు,
అసిరితల్లికి మొక్కుకుని పెట్టింది.
మందస వైపు ఏదో ఊళ్ళో
గట్టు తగూకి రాత్రికి రాత్రి
పద్నాలుగు కత్తులు సానపట్టమంటే
చక్రం తిప్పనన్నాడట.
ఆ ఊరు నిప్పివ్వలేదు, నుయ్యివ్వలేదు.
అప్పట్నించీ ఎక్కడా మూడ్రోజులు మించి ఉండడు.
ఇదంతా నేను విన్నది,
అతను చెప్పింది కాదు.

ఆట విడిచాక బీడీ ముట్టించి అన్నాడు:
"కత్తి మంచిదే బాబూ.
అన్ని ఎముకలు నరికినాడు గదా,
ఒక్కపాలైనా రాయి మీదెట్టినాడేటి?
పదునెట్టినోడు ఏడీ? అగుపడనేదు."

మర్నాడు మా అరుగు ముందు చక్రం దించాడు.
ఎండలో నిప్పురవ్వలు
సగం కనిపించాయి, సగం వినిపించాయి.
కత్తిపీట అంచు బొటనవేలితో చూసి
అమ్మ రూపాయి ఇవ్వబోతే
"సినీమా సూపించినాడు నీ కొడుకు" అని
సోంపేట రోడ్డెక్కాడు.
మా వీధి కుక్క రైలుగేటు దాకా వెళ్ళి వచ్చింది.

ఆ వారం ఆనపకాయ తరుగుతూ
అమ్మ రెండుసార్లు వేలు కోసుకుంది.
రెండుసార్లూ అతన్నే తిట్టింది,
"పాపిష్టోడు,
ఎంత పదునెట్టీసినాడమ్మా" అని.