అరవై రెండో గీత

ఫ్లెక్సులేసేవాణ్ణండి,
తాళ్ళరేవు బస్టాండు ఎదర షాపు.
పెళ్ళిళ్ళూ ఓణీలూ దినాలూ నాయకుల పుట్టినరోజులూ
అన్నీ ఒకే మిషను లోంచి సాగుతాయి.
శుక్రవారం మండలాఫీసు నుంచి ఫోను:
భైరవపాలెం పిల్ల, సంగాడి వీరవేణి,
దేశం ఫుట్‌బాల్ జట్టుకి గోల్‌కీపరు,
ఆట మానేసింది, సన్మానం,
పన్నెండు ఇంటూ ఎనిమిది, రేపు పొద్దుటికి.

పైన ముగ్గురు నాయకులు, తల ఒక్కోటీ రెండడుగులు.
మిగిలిన చోట్లో ఆ పిల్ల, గాల్లో అడ్డంగా,
చేతులు రెండూ చాచి.
బంతి కటింగులో పోయింది.
చూస్తే, ఎవరో జారవిడిచిన బిడ్డని
పట్టుకోబోతున్నట్టుంది.

ఎన్ని ఆటలని వెయ్యాలండీ అంటే
అరవై ఒకటన్నాడు ఆఫీసాయన. కాయితంలో అలాగే ఉందట.
నమూనా చూపిద్దామని బండేసుకుని వాళ్ళింటికెళ్ళాను.

తల్లి ఎల్లయ్యమ్మ పీతల డెక్కలకి తాడు కడతా ఉంది.
"అరవై రెండు," అంది తలెత్తకుండా.
తలుపు వెనక చూపించింది:
బొగ్గు గీతలు, అయిదేసి, అడ్డగీతతో కట్ట కట్టి.
పక్కనే పీతల బుట్టల అరువు లెక్క,
అదే బొగ్గు, అదే చెయ్యి.
"ఒక గీత పీతల్లోంచి ఇటు దొర్లిందేమోనమ్మా" అన్నాను.
ఆవిడ చూసిన చూపుకి మళ్ళీ అనలేదు.

వీరవేణే చెప్పింది, నవ్వుతా.
ఎక్కడో తూర్పు దేశంలో ఆట, అరగంటయ్యాక కుండపోత,
బంతి నీళ్ళలో తేలిపోతుంటే ఆపేశారట.
వానకి ఆగిపోయిన ఆట లెక్కలోకి రాదట.

"వాన లెక్కలోకి రాదా?" అంది తల్లి.
"తొంభయ్యారులో వచ్చింది లెక్కలోకి రాలేదా?
మీ అయ్య రాలేదా లెక్కలోకి?"

బుట్టలో పీతలు గోకుతున్న చప్పుడు.
ఇంకేం లేదండి కాసేపు.

గోడకి టోపీ తగిలించి ఉంది,
నీలం ముఖమలు, బంగారు కుచ్చు.
దేశానికి ఎన్ని ఆటలాడితే అన్ని టోపీలని లెక్కట.
మొదటిసారి ఫోన్లో "అమ్మా, టోపీ ఇచ్చారే" అంటే
"ఎవడే నీకు టోపీ పెట్టింది" అని
వీధి వీధంతా లేపిందట ఈవిడ.

తిరిగొస్తా, మడచెట్ల పక్క దారంతా, ఒకటే అనుకున్నాను:
ఆ ఊళ్ళో ప్రతివాళ్ళ అన్నమూ
వలలో ఏం పడుతుందో దాని మీద.
ఈ పిల్ల ఒక్కత్తే
వలలో ఏమీ పడకూడదని
పదహారేళ్ళు నిలబడింది.
రెండు సరుగుడు గుంజలు, చిరిగిన గాలపు వల,
కాళ్ళు కోసే ఉప్పు మడి. అక్కడ మొదలట.
పడ్డవెన్నో అడిగాను గడప దిగేముందు.
"అవి రాస్తే అమ్మకి బొగ్గు చాలదండీ" అంది.

రాత్రి మిషను ముందు కూర్చుని అరవై ఒకటే కొట్టాను.
ఆఫీసు కాయితం, ఆఫీసు డబ్బులు.
అంకె పక్కన మాత్రం వేలెడు ఖాళీ వదిలాను.
అడిగితే డిజైనండి అన్నాను.

ముఖ్య అతిథి రెండు గంటలు ఆలస్యం.
మైకులో పేరు వీరవాణి అని చదివారు.
శాలువా కప్పారు, జ్ఞాపిక ఇచ్చి ఫొటో కోసం వెనక్కి తీసుకున్నారు, మళ్ళీ ఇచ్చారు.
బల్ల మీంచి మంచినీళ్ళ గ్లాసు దొర్లింది.
ఎటో చూస్తానే ఎడం చేత్తో పట్టుకుంది ఆ పిల్ల.
అప్పుడు కొట్టారండి, అసలైన చప్పట్లు.

నెల దాటింది.
మొన్న అటు వెళ్తే రేవు గట్టున నా ఫ్లెక్సు పరిచి ఉంది,
దాని మీద రొయ్యపొట్టు ఎండబోశారు,
నాయకుల మొహాల మీద బాగా మందంగా.
ఎల్లయ్యమ్మ చీపురుతో కలియదిప్పుతా ఉంది.
కింది అంచు మాత్రం ఖాళీగా ఉంచింది.
అరవై ఒకటి పక్కన, నేనొదిలిన చోట,
బొగ్గుతో నిలువుగా ఒక గీత.

ఫ్లెక్సు మీద బొగ్గు నిలవదండి.
రాత్రి చెమ్మకే పోతుంది.
రోజూ దిద్దుతున్నట్టుంది.