రెండు మీటర్ల ముప్పై

లెన్సు నుంచి ఆమె చెంప మీది చుక్క దాకా
రెండు మీటర్ల ముప్పై.
కొలిచింది నేను, స్కిర్మాంతస్ కాదు.
అది కన్నీరని అందరూ రాశారు.
కనురెప్ప మీద వాలి కరిగిన మంచు అది.
మేమిద్దరం నోరు మెదపలేదు.

ముప్పై ఒక్క ఏళ్ళు అతని కెమెరా పక్కన
గుడ్డ టేపుతో మోకాళ్ళ మీద కూర్చున్నాను.
తెర మీద నా పేరు చివర్న పడేది,
వంటవాళ్ళకి కాస్త ముందు.

మొదటి సినిమా పాల దిగుబడి గురించి.
పనెవెజీస్ అవతల సమష్టి క్షేత్రం, డిసెంబరు,
పొద్దున్న ఎనిమిదైనా తెల్లారదు.
పై నుంచి వచ్చిన కాగితంలో ఉంది:
ఉత్సాహం కనబడాలి, అంకెలు కనబడాలి.
ఇతను రెంటినీ వదిలేశాడు.
కొట్టంలో ఒక్కటే బల్బు,
దాని కింద పాలు పితికే బర్బోరా,
ఆమె ఊపిరి.
నాలుగు నిమిషాలు
ఊపిరి తెల్లగా లేచి, బల్బు దగ్గర కాసేపు తచ్చాడి,
లేకుండా పోవడం.

విల్నియస్‌లో కమిటీ చూసింది.
ఒకాయన దగ్గాడు. ఇంకొకాయన,
"కామ్రేడ్, వెలుతురు ఇంత తక్కువేమిటి?"
"ఉన్నంతా తీశాను."

ఆ జవాబుకి రెండేళ్ళు పని లేదు.
కౌనాస్‌లో పాస్‌పోర్టు ఫోటోలు తీశాడు.
ఆ ఊళ్ళో ఎన్నో వందల మంది
ఎడమ కిటికీ వెలుతురులో
ఏదో పోగొట్టుకుని, అదేమిటో గుర్తు రానివాళ్ళలా
ఉండిపోయారు గుర్తింపు కార్డుల్లో.

ఎండ అంటే పడదు అతనికి.
నీరెండ కావాలి.
మబ్బులో వడగట్టుకుని, మంచు మీద పడి,
తిరిగి లేచి గడ్డం కింద తాకేది.
వాళ్ళమ్మ మార్చి నెలలో
నార గుడ్డలు మంచు మీద పరిచేదట, తెల్లబడాలని.
వాటి మీదకి వంగిన అమ్మ ముఖం చూసి
లైటింగ్ నేర్చుకున్నానన్నాడు ఒక రాత్రి, తాగి.
మర్నాడు అడిగితే
"మాస్కోలో, ఇన్‌స్టిట్యూట్‌లో" అన్నాడు.

నీదా ఇసుకదిబ్బల మీద పదకొండు రోజులు కాచుకున్నాం.
దర్శకుడు గడియారం చూసి చూసి విసిగి
దాన్ని జేబులో పడేసుకున్నాడు.
హీరో బార్లో అప్పులు పెట్టాడు.
పదకొండో రోజు మధ్యాహ్నం
నీడలన్నీ ఇసుకలో ఇంకిపోయాయి.
"ఇప్పుడు," అన్నాడు స్కిర్మాంతస్.
టేపు లాగితే గాలికి పాములా లేచింది.
అంకె అరిచాను. మైకులో పడింది.
తీసేద్దామన్నారు, ఇతను పడనివ్వలేదు.
ఇప్పటికీ ఆ సీన్లో, సముద్రం హోరు అడుగున
"ఆరు నలభై" అంటుంది ఒక ఆడమనిషి.
ఏదో పక్షి అని
ఒక పండితుడు అరపేజీ రాశాడు.

తర్వాత జెండా మారింది.
ఆ సంబరంలో మేమూ ఉన్నాం, ఏడ్చాం, పాడాం.
స్టూడియో గోడౌనులో టైల్సు దుకాణం పెట్టారు.
పెరుగు కంపెనీ ప్రకటన ఒకటి దొరికితే
పెరుగు మీదా నీరెండే వేశాడు.
"పెరుగు దిగులుగా ఉంది," అన్నారు వాళ్ళు.
డబ్బులు మాత్రం ఇచ్చారు.

చివరికి కళ్ళకి శుక్లాలు.
ఆపరేషన్ వద్దని ఆరు నెలలు మొండికేశాడు:
"ఇప్పుడే కదా యాద్విగా,
లోకం నేను తీసినట్టు కనబడుతోంది!"

జిర్మూనై అపార్ట్‌మెంటు, ఐదో అంతస్తు.
రేడియేటర్ మీద సాక్సులు ఆరుతున్నాయి.
కిటికీకి ఫిబ్రవరి అతుక్కుని ఉంది.
మంచం మీంచి అడిగాడు,
"ఎంత దూరంలో ఉన్నావు?"
టేపు తెచ్చుకోలేదు.
"ఒకటి ఎనభై," అన్నాను కంటి అంచనాతో.
కాసేపు చూశాడు, చూసినట్టే.
"ఒకటి డెబ్బై."

నా వేళ్ళు నన్నడక్కుండానే
అక్కడ లేని రింగుని
కొద్దిగా వెనక్కి తిప్పాయి.