ఆరు పరుపుల ఎత్తు

చియతూరాలో ఆటస్థలం అంటే
మాంగనీసు గని గోడ పక్కన మిగిలిన కాస్త నల్లమట్టి.
పిల్ల దూకుతుంది సరే,
పడేదెక్కడ?

ఆ మాట మొదట అన్నది జుజునా.
అని ఊరుకోలేదు.
ఏటేటా ఉన్ని విప్పి, కడిగి, బెత్తంతో కొట్టి
మళ్ళీ కుట్టుకునే తన పెళ్లినాటి పరుపును
మూడంతస్తుల మెట్లమీద ఈడ్చుకొచ్చింది.
మరకలవైపు కిందికి పెట్టి
"ఎవరూ తిప్పి చూడకండి" అంది.

తర్వాత రొట్టెల మురాజ్‌ది,
దులిపినకొద్దీ పిండి రాలేది.
నాలుగోది నాది.
తీగబండి నడిపేదాన్ని,
పగలంతా గాల్లో వేలాడేదానికి
రాత్రి నేలమీద పడుకుంటే ఏం నష్టం అనుకున్నాను.
నడుముకు తెలిసింది ఏం నష్టమో.

ముసలి ఒతారీ మాత్రం
"ఎగిరి దంచినా అంతే కూలి,
ఎగరక దంచినా అంతే కూలి" అన్నాడు.
ముప్పైయేళ్ళు గనిలో దంచినవాడు, అనగలడు.
మర్నాడు పొద్దున చూస్తే ఆరో పరుపు ఉంది,
తాడుతో బిగించి కట్టి, నల్లధూళి వాసనతో.
ఎవరిదని ఎవరూ అడగలేదు.

తేక్లె వాళ్ళ నాన్న రెండు పారకర్రలు పాతాడు,
అడ్డంగా తన గాలం కర్ర.
ఆ ఏడాది చేపలు బతికిపోయాయి.
వాళ్ళమ్మ కుట్టుటేపు పట్టి
"నూట నలభై ఎనిమిది" అంటే
చుట్టూ కిటికీలన్నీ
"తొమ్మిది! తొమ్మిది!" అని బేరమాడేవి.

వానొస్తే వీధంతా పరుగు.
ఎవరి చేతికి ఏ మూల దొరికితే ఆ మూల.

కుతైసీ పోటీల్లో నీలిరంగు నురుగు పరుపట.
మొదటిసారి దూకి, లేవకుండా
మొహం ఆనించి వాసన చూసిందట.
"ఇందులో ఎవరూ లేరమ్మా" అందట.
నాలుగో స్థానం.
ఫోన్లో విని ఒతారీ
"వాళ్ళ కర్రే వంకరయ్యుంటుంది" అని
సాయంత్రం దాకా ఎవరితోనూ మాట్లాడలేదు.

ఇప్పుడు బడికీ నీలిపరుపు వచ్చింది.
మావి మా ఇళ్ళకొచ్చాయి,
ఎవరివి ఎవరింటికో.
నాకు చేరింది నాది కాదు, పిండి రాలదు,
మరకలున్నాయేమోనని తిప్పి చూడలేదు.
నడిమధ్యన ఒక గుంట,
పదమూడేళ్ళ వీపంత.
ఎంత కొట్టినా ఉన్ని పైకి లేవదు.

డ్యూటీ దిగొచ్చి అందులో ఒరుగుతానా,
ఎక్కడో చాలా పైనుంచి
పడుతూ ఉన్నట్టే ఉంటుంది.
ఎంతసేపటికీ
నేల తగలదు.