ఆరో గడి

దరఖాస్తులో ఆరో గడి దగ్గర
మునీశ్వరక్క పెన్ను ఆగిపోయింది.
సినిమా, చిత్రలేఖనం, నాటకం, సంగీతం:
ఒకదానికి మాత్రమే టిక్కు పెట్టవలెను.
"ఏది పెట్టేదిరా యతిరాజులూ?"
నేను వైరు చుట్టుకుంటా ఉన్నా.
నాకేం తెలుసు, నేను కరెంటు పనోణ్ణి.

నాకు తెలిసింది ఇది.
చిత్తూరులో మూతపడిన టాకీసు రేకుపెట్టెలో
తెగిన ట్రైలరు ముక్క దొరికింది.
కొండమీద తలనీలాలు తీసే నాయన దగ్గర
పాతకత్తి అడిగి తెచ్చుకుని
బొమ్మకొక గీత, రెండొందల అరవై నాలుగు గీతలు గీకింది.
హీరో ముఖం పోయింది.
మిగిలింది వాన. తెల్లటి వాన, పదకొండు సెకన్లు.
నాయన చూసి అన్నాడు:
"చర్మం తెగలేదు. చెయ్యి కుదిరిందిమే."
అంతకంటే మంచి సమీక్ష
ఆమెకు మళ్ళీ రాలేదు.

కూటికి పెళ్ళి వీడియోలు.
పలమనేరులో ఒక పెళ్ళంతా
హోమం పొగ మాత్రమే తీసింది.
వాళ్ళు డబ్బులియ్యలేదు, భోజనం పెట్టి పంపినారు.

జూన్ నెల. గుజ్జు ఫ్యాక్టరీ వెనకాల
గొట్టం వదిలే ఆవిరి మీదికి
ప్రొజెక్టరు తిప్పమనింది.
తోతాపురి కోసే చేతులు, ముందురోజు తీసినవి,
గాల్లో తాటిచెట్టంత లేచి, వణికి, చెదిరినాయి.
షిఫ్టు దిగిన వళ్ళెమ్మ అరిచింది:
"అది నా వేలే! కట్టు చూడండి, నా వేలే!"
ఆవిరి ఆగింది. సినిమా అయిపోయింది.
వాచ్‌మన్ తరిమితే పరిగెత్తి పడ్డాను,
బల్బు నా అరచేతిలో పగిలింది.
ఆ సినిమాకు మిగిలిన ప్రింటు
ఈ మచ్చ ఒక్కటే.

ఇంకోటి స్వర్ణముఖి ఇసకలో పాతింది,
ఏరే కడగనీ అని.
వరదొచ్చింది, తర్వాత ఇసక లారీలొచ్చినాయి.
"ఎవురింటి గోడలోనో ఆడతా ఉంటుందిలే" అని నవ్వింది.

తిరుపతి బస్టాండు దగ్గర లాడ్జి హాల్లో
ఆ పదకొండు సెకన్లే తిప్పి తిప్పి వేసినాం.
తొమ్మిదిమంది. అందులో ఇద్దరు ఫ్యాను కోసం.
ఒకాయన లేచి "కథ యాడ?" అన్నాడు.
అక్క లైట్లు ఆర్పింది.
"ఇప్పుడేం కనపడతా ఉంది సామీ?"
చాలాసేపు ఏమీ లేదు. ఆ చీకట్లోంచి:
"పొద్దున... మా యమ్మ గుండు.
ఇంత చిన్న తలని అనుకోలేదు."

ఆరో గడికి ఆమె టిక్కు పెట్టలేదు.
నాయన కత్తితో ఆ గడినే కోసి తీసేసింది.
నాలుగు నెలలకు కాగితం తిరిగొచ్చింది,
ఎర్రసిరాలో "అసంపూర్ణం".

దాన్ని పడమటి కిటికీకి అంటించింది.
సాయంత్రం నాలుగింటికి
ఆ కంతలోంచి ఒక చదరపు వెలుగు దిగి
గోడ మీద, క్యాలెండరు మీద, నా చొక్కా మీద
మెల్లగా నడుస్తుంది.
నిడివి రాసుకోమనింది. రాసుకున్నా:
యాభై రెండు నిమిషాలు,
మబ్బు పట్టకపోతే.